ఆ చిత్రం 1871లో వేసింది కాదు

సంపాదకుల వారికి నమస్కారం.

గత ఆదివారం మీ పత్రికలో జర్మనీ చరిత్ర మీద పూర్తి పేజీ వ్యాసం ప్రచురించినందుకు ముందుగా కృతజ్ఞతలు. యూరప్ చరిత్రకు అంత చోటు ఇచ్చే దినపత్రికలు ఇప్పుడు అరుదు. డిగ్రీ విద్యార్థులకు ఇరవై ఏళ్లకు పైగా ఈ పాఠాలు చెప్పినవాడిగా ఆ వ్యాసాన్ని రెండుసార్లు చదివాను. తేదీలలో తప్పులేమీ కనిపించలేదు. అయితే జర్మనీని ఏకం చేసిన బిస్మార్క్ వేసిన బాట, మొదటి ప్రపంచ యుద్ధం తరువాతి వెర్సాయ్ సంధి మీదుగా నేరుగా హిట్లర్ దగ్గరికి చేరిందనీ, అది అనివార్యమనీ వ్యాసం చెప్పిన తీరుతో మాత్రం ఏకీభవించలేకపోతున్నాను. పేజీ పైభాగాన వేసిన చిత్రంతోనే నా అభ్యంతరం మొదలవుతుంది.

వెర్సాయ్ అద్దాల మందిరంలో 1871 జనవరి 18న జర్మన్ సామ్రాజ్యాన్ని ప్రకటిస్తున్న ఆ వర్ణచిత్రం కింద ‘నాటి దృశ్యం’ అని రాశారు. చిత్రకారుడు ఆంటన్ ఫాన్ వెర్నర్ ఆ రోజు అక్కడ ఉన్న మాట నిజమే. కానీ మీరు ప్రచురించిన చిత్రం ఆ సంఘటన జరిగిన పద్నాలుగేళ్లకు, 1885లో, బిస్మార్క్ డెబ్భయ్యవ పుట్టినరోజు కానుకగా వేసింది. అంతకుముందు ఆయన వేసిన రెండు పెద్ద చిత్రాలు రెండో ప్రపంచ యుద్ధంలో నాశనమయ్యాయి. 1877 నాటి మొదటి చిత్రంలో మందిరం నిండా సైనికాధికారులు కిక్కిరిసి ఉంటారు. 1885 చిత్రంలోనైతే చూసేవారి కళ్లు తెల్లటి యూనిఫాంలో మధ్యన నిలబడిన బిస్మార్క్ మీదికే వెళతాయి. నిజానికి ఆ రోజు ఆయన తొడుక్కున్నది నీలం కోటు. ఆ వేడుకకు రాని యుద్ధమంత్రి రూన్ కూడా చిత్రంలో కనిపిస్తాడు. అంటే అది 1871ని 1885లో ఎలా గుర్తుంచుకోవాలనుకున్నారో చెప్పే చిత్రం. జర్మనీ చరిత్రలో మలుపులుగా మనం చెప్పుకునే వాటిలో చాలావాటికి ఇలాంటి రెండో తేదీ ఒకటి ఉంటుంది. ఆ మలుపును మలుపుగా ఎవరు, ఏ సంవత్సరంలో గుర్తించారో చెప్పే తేదీ అది.

మలుపు ఎక్కడుందన్న విషయంలో జర్మన్ చరిత్రకారులే ఎంతగా విభేదించారో చూడాలంటే వారి గ్రంథాల మొదటి వాక్యాలు చాలు. పంతొమ్మిదో శతాబ్దపు జర్మనీ గురించి 1983లో రాసిన తోమస్ నిప్పర్‌డై ‘ఆదిలో నెపోలియన్ ఉన్నాడు’ అని ఆరంభించారు. నాలుగేళ్ల తరువాత హన్స్ ఉల్‌రిక్ వేలర్ తన జర్మన్ సమాజ చరిత్రను ‘ఆదిలో ఏ విప్లవమూ లేదు’ అంటూ మొదలుపెట్టారు. 2000లో హైన్‌రిక్ ఆగస్ట్ వింక్లర్ ‘ఆదిలో సామ్రాజ్యం ఉంది’ అన్నారు. ముగ్గురూ బైబిల్ వాక్యాన్నే అనుసరించారు, ముగ్గురూ మూడు వేర్వేరు చోట్ల వేలు పెట్టి చూపించారు. నెపోలియన్‌తో మొదలుపెడితే బయటి నుంచి వచ్చిన దెబ్బ, ఆ దెబ్బతో మొదలైన సంస్కరణలు ముఖ్యమవుతాయి. విప్లవం లేకపోవడంతో మొదలుపెడితే ఫ్రాన్సులో జరిగి జర్మనీలో జరగనిది ముఖ్యమవుతుంది. మధ్యయుగపు సామ్రాజ్యంతో మొదలుపెడితే జర్మనీ జాతిరాజ్యంగా మారడం ఎందుకంత ఆలస్యమైందన్న ప్రశ్నే గ్రంథమంతా నడిపిస్తుంది.

మీ వ్యాసం 1848ని రెండు వాక్యాలలో ముగించింది. ఆ ఏడాది మే 18న ఫ్రాంక్‌ఫర్ట్‌లోని సెయింట్ పాల్ చర్చిలో సమావేశమైన జాతీయ సభ ప్రాథమిక హక్కులను రూపొందించింది, రాజ్యాంగాన్ని రాసింది, మరుసటి ఏడాది జర్మన్ రాజ్యాల్లో ఒకటైన ప్రష్యా రాజు నాలుగో ఫ్రెడరిక్ విలియమ్‌కు కిరీటం ఇవ్వజూపింది. ఎన్నికైన ప్రతినిధుల చేతుల మీదుగా వచ్చే కిరీటం తనకు అక్కర్లేదని ఆయన తిరస్కరించాడు. ఈ ఘట్టం గురించి బ్రిటిష్ చరిత్రకారుడు ఏ.జె.పి. టేలర్ అన్న మాట చాలామందికి కంఠస్థం: జర్మనీ చరిత్ర మలుపు దాకా వచ్చింది, కానీ తిరగలేదు. ఎంతో అందమైన వాక్యం. అయితే టేలర్ గ్రంథం వెలువడినది 1945లో. నాజీ జర్మనీతో యుద్ధం జరుగుతున్న రోజుల్లో వెనక్కి తిరిగి చూసిన మనిషికి దారి తప్పిన చోటు ఎక్కడో ఒకటి కనిపించి తీరాలి. ఫ్రాంక్‌ఫర్ట్ సభ్యులకు తాము ఓడిపోతామని తెలియదు. వారు రాసిన ప్రాథమిక హక్కుల ఛాయలు 1919లో జర్మన్ గణతంత్రం రాసుకున్న వైమార్ రాజ్యాంగంలోనూ, 1949లో పశ్చిమ జర్మనీ తన రాజ్యాంగంగా రూపొందించుకున్న మౌలిక చట్టంలోనూ కనిపిస్తాయి. తిరగలేదన్న మలుపు వందేళ్ల తరువాత తిరిగిందని అనవచ్చా అన్నది నన్ను ఇప్పటికీ ఆలోచింపజేసే ప్రశ్న.

జర్మనీది అందరిలాంటి దారి కాదనీ, దానిది ‘ప్రత్యేక మార్గం’ అనీ చెప్పే వాదానికి జర్మన్ భాషలో జోండర్‌వేగ్ అని పేరు. మొదటి ప్రపంచ యుద్ధానికి ముందూ, యుద్ధకాలంలోనూ ఎందరో జర్మన్ పండితులు గర్వంగా చెప్పుకున్న మాట ఇది. పాశ్చాత్య దేశాల పార్లమెంటు రాజకీయాల కన్నా తమ బలమైన రాజ్యం, తమ సంస్కృతి మెరుగైనవని వారి భావన. 1945 తరువాత అదే వాదం తలకిందులై నిందగా మారింది. పరిశ్రమలు ఆధునికమయ్యాయి గానీ అధికారం మాత్రం భూస్వాముల, సైన్యాధికారుల చేతుల్లోనే ఉండిపోయిందని 1973లో వేలర్ చేసిన విశ్లేషణ ఒక తరాన్ని ప్రభావితం చేసింది. మీ వ్యాసం మొత్తం, రచయితకు తెలిసో తెలియకో, ఆ విశ్లేషణ మీదే నిలబడి ఉంది. దానికి 1980లోనే గట్టి సమాధానం వచ్చింది. డేవిడ్ బ్లాక్‌బర్న్, జెఫ్ ఎలీ అనే ఇద్దరు బ్రిటిష్ చరిత్రకారులు, ప్రత్యేక మార్గం అనాలంటే ముందు సాధారణ మార్గం ఒకటి ఉండాలి కదా, అది ఏ దేశానిది అని అడిగారు. 1871 నుంచే జర్మన్ పార్లమెంటు రైక్‌స్టాగ్ ఎన్నికల్లో వయోజన పురుషులందరికీ ఓటు ఉండగా, బ్రిటన్‌లో ఎంతోమంది పురుషులకు 1918 దాకా ఆ హక్కు లేదు. రైక్‌స్టాగ్‌కు ప్రభుత్వాధినేత అయిన చాన్సలర్‌ను దించే అధికారం లేదన్నదీ అంతే నిజం. రెండు నిజాల్లో ఒకదాన్నే తీసుకుంటే గీత నేరుగా వస్తుంది.

ఇక మొదటి ప్రపంచ యుద్ధం మొదలైన 1914. 1961లో హాంబర్గ్ విశ్వవిద్యాలయ ఆచార్యుడు ఫ్రిట్జ్ ఫిషర్ ప్రచురించిన గ్రంథం పశ్చిమ జర్మనీని కుదిపేసినట్టుగా మరే చరిత్ర గ్రంథమూ కుదిపి ఉండదు. అప్పటిదాకా జర్మనీలో ఎక్కువమంది నమ్మినది, ఆ యుద్ధంలోకి అన్ని దేశాలూ జారిపోయాయనే. ఫిషర్ ప్రభుత్వ దస్త్రాలను తిరగేసి, చాన్సలర్ బేట్‌మన్ హోల్‌వేగ్ పేరిట 1914 సెప్టెంబర్ 9న తయారైన లక్ష్యాల పత్రాన్ని చర్చకు కేంద్రంగా చేశారు. బెల్జియంను సామంత రాజ్యంగా మార్చడం, ఫ్రాన్సు ఇనుప గనులను కలుపుకోవడం, మధ్య యూరప్ అంతటినీ జర్మనీ ఆర్థిక ఆధిపత్యం కిందికి తేవడం అందులో ఉన్నాయి. నాజీల కాలాన్ని ‘ఒక ప్రమాదం’గా పక్కకు నెట్టి గౌరవంగా బతుకుతున్న తరానికి, 1914కూ 1939కీ మధ్య కొనసాగింపు ఉందన్న మాట శరాఘాతమైంది. ఫిషర్‌ను తీవ్రంగా ఎదిరించిన గెర్‌హార్డ్ రిట్టర్ హిట్లర్ అనుయాయి కాడు, నాజీ ప్రభుత్వం చేత జైలుకు వెళ్లినవాడు. తన దేశపు గతమంతా అపరాధమేనన్న తీర్పును ఆయన మనస్సు ఒప్పుకోలేదు. 1964లో ఫిషర్ అమెరికా ఉపన్యాస యాత్రకు ఇవ్వవలసిన డబ్బును జర్మన్ విదేశాంగ శాఖ నిలిపివేయగా, అమెరికాలోని చరిత్రకారులు బహిరంగంగా నిరసన తెలిపి ఆయనను రప్పించుకున్నారు. దాదాపు అర్ధ శతాబ్దం గడిచాక 2012లో చరిత్రకారుడు క్రిస్టఫర్ క్లార్క్ యుద్ధపు పూచీని మళ్లీ పలు రాజధానులకు పంచారు, ఆ గ్రంథానికి జర్మనీలో విశేష ఆదరణ దక్కింది. నా మట్టుకు నాకు ఫిషర్ చూపిన పత్రాల బరువు తగ్గినట్టు అనిపించదు. అయితే సెప్టెంబరులో, యుద్ధం మొదలైన నెలకు, రాసిన లక్ష్యాల పత్రం ఆగస్టు మొదట్లో యుద్ధానికి దిగిన కారణాన్ని రుజువు చేస్తుందా అన్న ప్రశ్న న్యాయమైనదే.

గోడకు అవతల, తూర్పు జర్మనీలో, మలుపుల పట్టికే వేరు. అక్కడి చరిత్రకారులకు 1525 నాటి రైతుల తిరుగుబాటు ‘తొలినాటి బూర్జువా విప్లవం’లో పతాక ఘట్టం. ఆ రైతులు ఓడిన బాడ్ ఫ్రాంకెన్‌హౌజెన్ కొండ మీద ఒక గుండ్రటి భవనం కట్టించి, వెర్నర్ ట్యూబ్కె చేత 14 మీటర్ల ఎత్తు, 123 మీటర్ల చుట్టుకొలత గల చిత్రాన్ని వేయించారు. విప్లవ విజయగాథ కావాలన్నది ప్రభుత్వం కోరిక. ట్యూబ్కె వేసినదాంట్లో వేలాది మనుషులు, అంతులేని రుతుచక్రం, నడుమ వాల్చిన జెండాతో ఒంటరిగా నిలబడిన రైతుల నాయకుడు తోమస్ మ్యూంట్‌జర్ కనిపిస్తారు. ఆ భవనాన్ని 1989 సెప్టెంబరులో ప్రారంభించారు. మరి రెండు నెలలకు బెర్లిన్ గోడ తెరుచుకుంది.

నేను ఈ ఉత్తరం రాయడానికి అసలు కారణం 1933. వెర్సాయ్ అవమానం వల్ల జర్మన్లు హిట్లర్‌ను తెచ్చుకున్నారని మీ వ్యాసం చెప్పింది. నేనూ కొన్నేళ్లు తరగతిలో అలాగే చెప్పాను. ఒకసారి బోర్డు మీద నాజీ పార్టీకి వచ్చిన ఓట్ల శాతాలు రాశాను: 1928 మేలో 2.6, 1930 సెప్టెంబరులో 18.3, 1932 జూలైలో 37.3, నవంబరులో 33.1. వెనక బెంచీ నుంచి ఒక అమ్మాయి లేచి, ‘సార్, దిగిపోతున్న పార్టీ చేతికి జనవరిలో అధికారం ఎలా వచ్చింది?’ అని అడిగింది. నేను చెబుతూ వచ్చిన పాఠంలో ఆ ప్రశ్నకు జవాబు లేదు. సంధి మీద సంతకాలైన తొమ్మిదేళ్లకు కూడా ఆ పార్టీకి వచ్చినవి పన్నెండు సీట్లు. యుద్ధ నష్టపరిహారం బాకీ లోజాన్ సమావేశంతో దాదాపు రద్దయినది 1932 జూలై 9న, నాజీలు అప్పటికి అత్యధిక ఓట్లు సాధించినది అదే నెల 31న. 1928కీ 1932కీ మధ్యలో వచ్చినవి ఆర్థిక మాంద్యం, అరవై లక్షల నిరుద్యోగం, పార్లమెంటును పక్కన పెట్టి అధ్యక్షుడి అత్యవసర ఉత్తర్వులతో సాగిన పాలన. వైమార్ గణతంత్రం హిట్లర్ రాకముందే లోపలి నుంచి ఎలా కూలిపోతూ వచ్చిందో 1955లోనే చరిత్రకారుడు కార్ల్ డీట్రిక్ బ్రాకర్ వివరంగా చూపించారు.

నవంబరు ఎన్నికల్లో నాజీలు ఇరవై లక్షల ఓట్లు, 34 సీట్లు పోగొట్టుకున్నారు. డిసెంబరులో నాజీ అగ్రనాయకుల్లో ఒకడైన గ్రెగర్ స్ట్రాసర్ పార్టీ పదవులు వదిలేశాడు. 1933 జనవరి 4న కొలోన్‌లో ఒక బ్యాంకరు ఇంట్లో మాజీ చాన్సలర్ పాపెన్, హిట్లర్ కలుసుకున్నారు. అక్కడి నుంచి నెల తిరగకుండా, వృద్ధ అధ్యక్షుడు హిండెన్‌బర్గ్ చుట్టూ ఉన్న కొద్దిమంది కలిసి హిట్లర్‌ను చాన్సలర్‌గా కూర్చోబెట్టారు. మంత్రివర్గంలో అతనితో కలిపి నాజీలు ముగ్గురే కాబట్టి తమ అదుపులో ఉంటాడని వారు లెక్క వేసుకున్నారు. అమెరికా చరిత్రకారుడు హెన్రీ ఆష్‌బీ టర్నర్ ఆ ముప్పై రోజుల మీదే ఒక గ్రంథం రాశారు. అంత పెద్ద నిర్ణయం అంత కొద్దిమంది చేతుల్లో ఎందుకుందో తెలుసుకోవాలంటే వేలర్ చెప్పిన దీర్ఘకాలిక కారణాలు తప్పకుండా కావాలి. ఆ చేతులు ఆ నిర్ణయమే ఎందుకు తీసుకున్నాయో మాత్రం అవి చెప్పవు. ‘అనివార్యం’ అన్న ఒక్క మాటతో పాపెన్ పూచీ తీరిపోతుంది. మార్చి 23న తుపాకుల కాపలా మధ్య హిట్లర్ ప్రభుత్వానికి సర్వాధికారాలిచ్చే చట్టానికి వ్యతిరేకంగా ఓటేసిన 94 మంది సోషల్ డెమొక్రాట్ల సాహసానికి కూడా అర్థం లేకుండా పోతుంది. వ్యాసంలో వారి ప్రస్తావనే లేకపోవడం నాకు బాధ కలిగించింది.

ఇలాంటి విషయాలు విశ్వవిద్యాలయాలకు వదిలేయాలి గానీ దినపత్రికలో ఎందుకని ఎవరైనా అనవచ్చు. జర్మనీలో అతి ముఖ్యమైన చరిత్ర వివాదం జరిగింది దినపత్రికల్లో, వారపత్రికల్లోనే. 1986 జూన్ 6న ఫ్రాంక్‌ఫుర్టర్ ఆల్‌గెమైనె పత్రికలో చరిత్రకారుడు ఎర్న్‌స్ట్ నోల్ట, నాజీల మరణశిబిరం ఆష్‌విట్జ్ కన్నా సోవియట్ నిర్బంధ శిబిరాల వ్యవస్థ గులాగ్ ముందుది కాదా, ఒకదానికి మరొకటి మూలం కాదా అన్న ధోరణిలో ప్రశ్నలు వేశారు. జూలై 11న డీ జైట్ వారపత్రికలో తత్త్వవేత్త యూర్గన్ హాబర్‌మాస్, ఇది నాజీ నేరాల బరువు తగ్గించే ప్రయత్నమని సమాధానమిచ్చారు. ఆ తరువాత నెలల తరబడి వ్యాసాలు, ఉత్తరాలు వస్తూనే ఉన్నాయి. అంతకు ముందటి ఏడాది మే 8న అధ్యక్షుడు వైట్‌సెకర్ పార్లమెంటులో ప్రసంగిస్తూ, 1945 నాటి లొంగుబాటు తేదీని విముక్తి దినమన్నారు. ఓటమిగా గుర్తుపెట్టుకున్న రోజుకు నలభై ఏళ్ల తరువాత ఆ పేరు పెట్టడం ఎంతోమందికి కష్టమనిపించింది, ఎంతోమందికి ఊరటనిచ్చింది.

1989 గురించి వ్యాసం చెప్పిన దానితో నాకు పేచీ లేదు. ఒక్క మాట చేరుస్తాను. గోడ తెరుచుకున్న నవంబరు 9నే 1918లో గణతంత్ర ప్రకటన జరిగింది, 1923లో మ్యూనిక్‌లో హిట్లర్ తిరుగుబాటు విఫలమైంది, 1938లో యూదుల ప్రార్థనాలయాలు తగలబడ్డాయి. ఒకే తేదీ మీద ఇన్ని జ్ఞాపకాలున్న దేశం జాతీయ దినంగా అక్టోబరు 3ను ఎంచుకుంది.

ఆ వ్యాసం రెండో భాగం ఈ ఆదివారం వస్తుందని ప్రకటించారు. వీలైతే అందులో 1932 నాటి రెండు ఎన్నికల ఫలితాలను పక్కపక్కన వేయండి. ఆ వర్ణచిత్రాన్ని మళ్లీ వాడితే, దాని కింద ‘1885లో ఆంటన్ ఫాన్ వెర్నర్ వేసినది’ అని రాయవలసిందిగా కోరుతున్నాను.

భవదీయుడు,
ఒక విశ్రాంత చరిత్ర అధ్యాపకుడు