వైరింగ్ నిబంధనల పుస్తకం: అమ్మకం ఆపివేత, డబ్బు వాపసు

తిరుపతిలోని మా ఎలక్ట్రికల్ దుకాణానికి వచ్చే వైర్‌మన్ సోదరులకు నమస్కారం. ఏడాదిన్నరగా కౌంటరు మీద ఉంచి అమ్ముతున్న వైరింగ్ నిబంధనల చేతిపుస్తకాన్ని ఈ వారం నుంచి అమ్మడం లేదు. బొమ్మలు, పట్టికలు స్పష్టంగా ఉన్నాయని నేనే ముచ్చటపడి తెప్పించాను. అది బ్రిటన్‌లో అమలయ్యే బి.ఎస్. 7671 ప్రమాణానికి రాసిన వివరణ అని అట్ట మీదే ఉన్నా, మన పనికి ఎంతవరకు పనికొస్తుందో చూడకుండానే మీ చేతిలో పెట్టాను. ఆ తప్పు నాది.

చంద్రగిరి వైపు ఒక లాడ్జిలో పని చేసిన వైర్‌మన్ గత నెల ఆ పుస్తకం పట్టుకుని వచ్చి, పై అంతస్తులో తీగల పైపూత ఎందుకు గట్టిపడి పగులుతోందని అడిగారు. గోడ మీది పైపులో వెళ్ళే 2.5 చదరపు మిల్లీమీటర్ల పీవీసీ రాగి తీగ మోయగల కరెంటుగా అందులోని పట్టిక 24 ఆంపియర్లు చూపుతుంది కాబట్టి ఆయన 20 ఆంపియర్ల ఎం.సి.బి. (కరెంటు హద్దు దాటితే సరఫరా ఆపేసే స్విచ్చు) వేశారు. ఆ 24 చుట్టూ ఉన్న గాలి 30 డిగ్రీలు ఉన్నప్పటి లెక్క. మన ఎండాకాలంలో, మిద్దె కింద 45 డిగ్రీలు ఉంటే దాన్ని 0.79తో గుణించాలి; అప్పుడు 19 ఆంపియర్లే మిగులుతాయి. అదే పైపులో మరో సర్క్యూట్ తీగలు కూడా వెళితే ఇంకా తగ్గి 15కు వస్తుంది. అంటే తీగ మోయలేనంత కరెంటు పారి వేడెక్కుతున్నా 20 ఆంపియర్ల ఎం.సి.బి. ఆపదు. ఈ గుణకాలూ పుస్తకంలో ఉన్నాయి, కానీ వేరే పేజీలో. మన ఐ.ఎస్. 3961 ప్రమాణం మొదటే గాలి 40 డిగ్రీలని తీసుకుని లెక్క కడుతుంది.

తీగల రంగుల సంగతి ఇంకా ప్రమాదకరం. అక్కడ నీలం న్యూట్రల్. మన త్రీఫేజు పనిలో ఎరుపు, పసుపుతో పాటు నీలం కూడా ఫేజే, న్యూట్రల్ నలుపు. అక్కడి రింగ్ సర్క్యూట్ పద్ధతి (తీగ సాకెట్లన్నీ చుట్టి మళ్ళీ మొదలైన చోటికే రావడం) కూడా ఫ్యూజు ఉన్న ప్లగ్గులను నమ్ముకున్నది. మన ప్లగ్గుల్లో ఫ్యూజు ఉండదు.

ఇకమీదట ఏ పుస్తకం తెప్పించినా, వైరింగుకు ఐ.ఎస్. 732 యొక్క 2019 సవరణను, ఎర్తింగుకు ఐ.ఎస్. 3043 యొక్క 2018 సవరణను, భద్రతకు కేంద్ర విద్యుత్ ప్రాధికార సంస్థ 2023 నిబంధనలను అనుసరించిందో లేదో చూసి, ఉష్ణోగ్రత గుణకాలు, గుంపు గుణకాలు (ఒకే పైపులో పలు సర్క్యూట్లు వెళితే తగ్గించేవి) పట్టిక పక్కనే ఉంటేనే తీసుకుంటాను. 1956 నాటి భారత విద్యుత్ రూల్సునే ఇంకా వల్లించే పాత ముద్రణలు ఎంత చవకగా వచ్చినా వద్దు; వాటి స్థానంలో 2010లోనూ, మళ్ళీ 2023లోనూ కొత్త నిబంధనలు వచ్చాయి.

మా దగ్గర కొన్న పుస్తకాన్ని, పెన్సిలు గీతలున్నా, అట్ట చిరిగినా సరే, తెచ్చి ఇస్తే పూర్తి డబ్బు ఇస్తాము. ఆ పట్టిక చూసి ఎక్కడైనా పని చేసి ఉంటే దయచేసి తీగ సైజు, ఒక పైపులో నడిచిన సర్క్యూట్లు ఎన్నో రాసుకుని రండి. కలిసి లెక్క చూద్దాం, ఎం.సి.బి. మార్చవలసి వస్తే మాకు పడిన ధరకే ఇస్తాను.