స్టే ఆయనకు, తిప్పలు మాకు

సంపాదకుడు గారికి,

మహారాష్ట్రలోని సిరోంచ తాలూకాలో మా సజాకు (కొన్ని ఊళ్లు కలిసిన రెవెన్యూ పరిధికి) నాలుగు నెలలుగా తలాఠీ, అంటే భూమి రికార్డులు చూసే రెవెన్యూ ఉద్యోగి, లేడు. ఉన్నాయన ఆగస్టులో రిలీవ్ అయి వెళ్లిపోయాడు. ఆయన స్థానంలోకి జిల్లా ఉత్తరం వైపు తాలూకా నుంచి రావలసినాయన బదిలీ ఆర్డరును సవాలు చేసి స్టే తెచ్చుకున్నాడు. పక్క సజా తలాఠీకి అదనపు చార్జి ఇచ్చారు. వారానికి ఒక రోజు వస్తానన్నాడు కానీ, వస్తే వచ్చినట్టు, లేకపోతే లేదు. మా నాన్న పోయాక భూమిని అన్నదమ్ముల పేర్ల మీదికి మార్చే ఫేర్‌ఫార్ (మ్యుటేషన్) అక్కడే ఆగిపోయింది. సాత్‌బారా (భూమి హక్కు పత్రం) మీద చనిపోయిన మనిషి పేరుంటే పంట రుణం ఎవరిస్తారు? ఈసారి మిర్చికి పెట్టుబడి వడ్డీకి తెచ్చాం.

కోర్టుకెక్కినాయన మీద మొదట్లో చాలా కోపం వచ్చింది. గుమస్తాగా రిటైరైన మా బావగారు ఆ బదిలీ ఆర్డరు కాపీ సంపాదించి చూపించాక తగ్గింది. కారణం అన్నచోట రెండే మాటలు: ‘ప్రశాసకీయ కారణాస్తవ్’. అంటే పరిపాలనా కారణాల వల్ల అని. ఆ కారణం ఏమిటో ఎక్కడా లేదు.

మహారాష్ట్రలో బదిలీలకు 2005 నాటి చట్టమే ఉంది. మామూలుగా ఒక పోస్టులో మూడేళ్లు ఉంచాలి. బదిలీలు ఏప్రిల్, మే నెలల్లో చేయాలి. మధ్యలో కదిలించాలంటే కారణం రాసిపెట్టి, పై అధికారి అనుమతి ముందే తీసుకోవాలి. బదిలీ మార్గదర్శకాలను పట్టుకుని ఉద్యోగి హక్కు అడగలేడని సుప్రీంకోర్టు 1993లో ఎస్.ఎల్. అబ్బాస్ కేసులో తేల్చింది. అంతకుముందు 1989లో గుజరాత్ విద్యుత్ బోర్డు కేసులోనూ, ముందు వెళ్లి చేరు, తర్వాత విన్నవించుకో అనే అంది. కానీ ఇక్కడున్నది వట్టి మార్గదర్శకం కాదు, శాసనసభ చేసిన చట్టం. అందుకే కారణం రాయని ఇలాంటి ఆర్డరు, ‘మ్యాట్’ అని అందరూ పిలిచే, రాష్ట్ర ప్రభుత్వోద్యోగుల కేసులు వినే ట్రిబ్యునల్ ముందు నిలబడడం కష్టం. బావగారి మాటల్లో చెప్పాలంటే, ఓడిపోయే కాగితం రాసి ఉద్యోగి గెలిచాడని ఏడవడం దేనికి?

ఇంకో సంగతి పైకి చెప్పుకోరు. రాష్ట్రంలో ఎవరినైనా బెదిరించాలంటే గడ్చిరోలికి పంపిస్తానంటారు, గడ్చిరోలి జిల్లాలోనైతే సిరోంచకు. ఫిర్యాదు వచ్చిందని శిక్ష బదులు బదిలీ చేయడం చెల్లదని 2009లో సోమేష్ తివారీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అవినీతి మీద ఫిర్యాదు చేసిన ఒక ప్రభుత్వరంగ బ్యాంకు అధికారిణిని ఇండోర్ నుంచి జబల్‌పూర్ జిల్లాకు పంపిన ఉత్తర్వును 2020లో కొట్టేసింది. మంచి తీర్పులే. మేం మాత్రం తరతరాలుగా ఈ శిక్షలోనే కాపురముంటున్నాం. ప్రాణహిత దాటితే తెలంగాణ, ఇంట్లో తెలుగు, ఆఫీసులో మరాఠీ. ఎప్పుడు వెళ్లిపోదామా అని క్యాలెండర్ చూసుకునేవాళ్ల చేతిలో మా కాగితాలు.

జిల్లా పరిషత్ టీచర్ల విషయం కొంత నయం. 2017లో పెట్టిన ఆన్‌లైన్ పద్ధతిలో ‘అవఘడ్ క్షేత్రం’లో, అంటే పనిచేయడం కష్టమని గుర్తించిన ప్రాంతంలో, మూడేళ్లు చేస్తే బదిలీ కోరుకునే హక్కు వస్తుంది. వచ్చే టీచరుకు తను ఎన్నాళ్లుండాలో ముందే తెలుసు. వాళ్లు కోర్టుకెళ్లాలన్నా మ్యాట్‌కు కాదు, నాగపూర్‌లోని హైకోర్టు బెంచికి. అది వేరే కథ.

ట్రిబ్యునల్ ముందు ఉద్యోగి ఉంటాడు, ప్రభుత్వం ఉంటుంది. మా సజాలోని ఊళ్ల జనం ఉండరు. ఆ కుర్చీలో ఇప్పుడు ఎవరున్నారని అక్కడ అడిగేవాళ్లు కావాలి. స్టే ఇవ్వొద్దని నేననడం లేదు. జిల్లా అధికారులను అడిగేది ఇంతే: కొత్తాయన వచ్చి చార్జి తీసుకునేదాకా పాతాయనను రిలీవ్ చేయకండి. వచ్చే ఏప్రిల్‌లో మళ్లీ ఆర్డర్లు టైపు చేసేటప్పుడు కారణం అన్నచోట ఒక్క పూర్తి వాక్యం రాయండి. ఈలోగా ఈ అదనపు చార్జి తలాఠీ ఏ వారం ఏ రోజు వస్తాడో చావడి (తలాఠీ ఆఫీసు) గోడ మీద అతికించినా మాకు సగం తిరుగుడు తప్పుతుంది.

ఒక రైతు,
సిరోంచ తాలూకా, గడ్చిరోలి జిల్లా