ఆ ఒక్క మాట వేయండి

సంపాదకుడు గారికి,

నమస్కారం. గత ఆదివారం మీ అనుబంధంలో ప్రాచీన రహస్య గ్రంథాల మీద వచ్చిన కథనం చదివాను. నెక్రోనమికాన్ గురించి రాస్తూ, అది వెయ్యేళ్లు దాటిన అరబ్బీ గ్రంథమనీ, చదివినవాళ్లకు మతి చలిస్తుందనీ, లోకంలో నాలుగైదు ప్రతులే మిగిలాయనీ చెప్పారు. అది ఒక రచయిత తన కథల కోసం పుట్టించిన పుస్తకం అన్న మాట మాత్రం ఎక్కడా లేదు. ఆ మాట లేకపోతే ఏమవుతుందో మా ఇంట్లోనే చూశాను. అందుకే ఈ ఉత్తరం.

మా అక్క కొడుక్కి పదహారేళ్లు. మొన్నామధ్య మూడు రాత్రులు లైటు ఆర్పకుండా పడుకున్నాడు. ఏంట్రా అని గుచ్చి గుచ్చి అడిగితే ఫోన్ చేతికిచ్చాడు. గోధుమరంగు ఆకు, కాలిన అంచులు, ఎప్పుడూ చూడని లిపి. కింద రెండు పాదాలు పలకడానికి వీలుగా రాసి, అయిదు వేల ఏళ్ల నాటి గ్రంథమనీ, పైకి చదివినవాళ్లు దాని కాపలాదారుల్ని నిద్రలేపినట్టేననీ పెట్టారు. "చదివేశాను పిన్నీ, ఇప్పుడేమవుతుంది?" అన్నాడు. గొంతు వణుకుతోంది.

వాణ్ణి పక్కన కూర్చోబెట్టుకుని బొమ్మ పెద్దది చేసి చూశాను. అంచులు నాలుగు వైపులా ఒకే మందాన కాలి ఉన్నాయి. మంట అలా కొలిచినట్టు తినదు, అంటుకున్న వైపు ఎక్కువ తింటుంది. ఒక మూల పురుగు తొలిచినట్టు చిల్లు ఉంది, దాని కిందనుంచి కనబడే ఆకులో అదే చోట ఏమీ లేదు. నిజంగా పురుగు పడితే ఒక ఆకుతో ఆగదు, కిందివాటిని కూడా తొలుచుకుంటూ పోతుంది. ఆ బొమ్మనే నెట్‌లో వెతికితే అసలుది దొరికింది. ఒక వీడియో గేమ్‌లో, పాడుబడిన గుడిలో ఆటగాడికి దొరికే గ్రంథంలోని పేజీ అది. అసలు బొమ్మలో కింద కుడిమూల గేమ్ పేరు, గీసిన చిత్రకారిణి సంతకం ఉన్నాయి. మావాడికి వచ్చిన దాంట్లో సరిగ్గా ఆ మూల కత్తిరించేశారు.

వాడు చాలాసేపు చూశాడు. ఆ తర్వాత అడిగింది ఒకటే: "ఇంత బాగా ఎలా గీసింది పిన్నీ?" ఆ రాత్రి లైటు ఆర్పి పడుకున్నాడు.

ఇక మీ కథనంలోని గ్రంథం సంగతి. ఆ పేరు తొలిసారి అచ్చులో కనబడింది అమెరికా రచయిత హెచ్.పి. లవ్‌క్రాఫ్ట్ 1922లో రాయగా 1924లో ఒక పత్రికలో వచ్చిన కథలో. గ్రంథకర్త అని చెప్పే అబ్దుల్ అల్‌హజ్రెడ్, చిన్నప్పుడు అరేబియన్ నైట్స్ మోజులో లవ్‌క్రాఫ్ట్ తనకు తాను పెట్టుకున్న పేరు. 1927లో ఆ లేని పుస్తకానికి ఒక చరిత్ర కూడా రాశాడు. క్రీ.శ. 730 ప్రాంతంలో డమాస్కస్‌లో పుట్టిందన్నాడు, 950లో గ్రీకులోకీ 1228లో లాటిన్‌లోకీ వెళ్లిందన్నాడు. ప్రతులు ఎక్కడున్నాయో చెబుతూ బ్రిటిష్ మ్యూజియం, హార్వర్డ్ గ్రంథాలయం సరసన తాను కల్పించిన విశ్వవిద్యాలయాన్ని కూడా చేర్చాడు. నమ్మించే నేర్పంతా అక్కడే ఉంది. లాటిన్‌లోకి తెచ్చినవాడు ఓలాస్ వర్మియస్ అన్నాడు. ఆ పేరుగల డెన్మార్క్ వైద్యుడు నిజంగానే ఉండేవాడు, కానీ ఆయన పుట్టింది 1588లో! మీ విలేకరి ఈ ఒక్క తేదీ సరిచూసినా అనుమానం వచ్చి ఉండేది. ఆ పుస్తకం ఉందా అని పాఠకులు అడిగితే, అది తన కల్పనేనని లవ్‌క్రాఫ్ట్ ఉత్తరాల్లో ఒప్పుకున్నాడు కూడా. ఆయన పోయాక నలభై ఏళ్లకు, 1977లో, న్యూయార్క్‌లో అదే పేరుతో మంత్రాలతో సహా ఒక పుస్తకం వేశారు. దాన్నే అసలు గ్రంథమనుకుని కొనేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు.

ఇలాంటి కల్పిత గ్రంథాలంటే నాకు ప్రాణం. ఒక లోకాన్ని కల్పించినవాడు దానికి పురాణం, శాసనం, సగం చిరిగిన జోస్యం రాసిపెట్టినప్పుడే ఆ లోకానికి వయసు వస్తుంది. ఇంగ్లీషు రచయిత టోల్కిన్ తన 'లార్డ్ ఆఫ్ ద రింగ్స్' కథలో మరుగుజ్జుల గ్రంథం ఒకటి దొరుకుతుందని రాసి ఊరుకోలేదు. అందులోని మూడు పేజీలను స్వయంగా తయారుచేశాడు. తాను కల్పించిన లిపుల్లో రాసి, అంచులు కాల్చి, రంధ్రాలు పొడిచి, నెత్తుటి మరకల్లా ఎర్రరంగు పూశాడు. 1954లో పుస్తకం వచ్చినప్పుడు ఖర్చెక్కువని ప్రచురణకర్తలు వాటిని వేయలేదు. పైగా ఆయన తన కథంతా ఒక పాత గ్రంథానికి అనువాదం మాత్రమేనని పుస్తకంలో చెప్పుకుంటాడు. అయినా ఎవరూ మోసపోలేదు, ఎందుకంటే అట్ట మీద ఆయన పేరుంది. ఆ లోపలి పేజీని అట్టనుంచి విడదీసి ఫోన్లలో తిప్పితేనే గొడవ మొదలవుతుంది.

ఇది పిల్లల భయంతో ఆగే విషయం కూడా కాదు. 1867లో నెదర్లాండ్స్‌లో ఊరా లిండా అనే చేతిరాత పుస్తకం బయటపడింది. క్రీ.పూ. 2194లో సముద్రంలో మునిగిన దేశం కథ, ఆ ప్రాంతపు ఫ్రీజియన్ జాతి ఆదిచరిత్ర, 1256లో తిరగరాసిన ప్రతి అని అందులోనే ఉంది. కాగితం చూస్తే 19వ శతాబ్దపు మిల్లు కాగితం. నకిలీ అని పండితులు కొన్నేళ్లకే తేల్చేశారు. అయినా 1933లో హెర్మన్ విర్త్ దాన్ని జర్మన్‌లోకి తెచ్చాడు, నాజీ నాయకుడు హిమ్లర్ తలకెత్తుకున్నాడు. 1935లో తమ జాతి గొప్పతనాన్ని నిరూపించడానికని హిమ్లర్ పెట్టిన పరిశోధన సంస్థలో విర్త్ వ్యవస్థాపకుల్లో ఒకడు. ఎవరో కూర్చుని రాసిన కథ ఎక్కడిదాకా వెళ్లిందో చూడండి.

నిజం చెబితే మిస్టరీ పోతుందని మీవాళ్లు అనుకుంటారేమో. యేల్ విశ్వవిద్యాలయంలో వాయినిచ్ ప్రతి అని ఒకటుంది. దాని చర్మపత్రం 1404–1438 మధ్యదని కార్బన్ పరీక్షలో తేలింది. ఏ భాషో, ఏముందో ఎవరూ చదవలేకపోయారు. ఉన్నదున్నట్టు ఇంతే చెప్పినా ఒళ్లు గగుర్పొడుస్తుంది కదా!

ఇప్పుడు అరనిమిషంలో ఏఐ చేత ఇలాంటి ఆకులు వంద గీయించవచ్చు. వాటికి కత్తిరించడానికి మూలలో సంతకం కూడా ఉండదు. అందుకే పత్రికల మీద భారం పెరిగింది. మీరు ఏ పాత గ్రంథం ఫొటో వేసినా, అది ఎక్కడుందో, ఎవరు చేశారో, ఏ సంవత్సరమో కింద ఒక లైను వేయండి. కల్పన అయితే కల్పన అని, గీసినవాళ్ల పేరుతో సహా వేయండి. ఈ మూడూ తెలియని ఫొటో అయితే వేయకండి.

గత ఆదివారం కథనానికి సవరణ కూడా అదే అనుబంధంలో, అదే పేజీలో, కనబడే సైజులో వేయమని కోరుతున్నాను. మావాడు దాన్ని కత్తిరించి దాచుకుంటానన్నాడు.

ఇట్లు,
మీ పాఠకురాలు