వరస వేరు, నెత్తురు వేరు... రెండూ కలిపి రాయకండి

ఎడిటర్ గారికి,

మేనరికాల మీద మీ పేపర్లో అప్పుడప్పుడూ ఒకే వ్యాసం మళ్లీ మళ్లీ వస్తుంటుంది. రాసేవాళ్లు మారతారు, ఫొటో మారుతుంది, లోపల సరుకు మాత్రం అదే. దగ్గరి రక్తసంబంధంలో పెళ్లి చేసుకుంటే పిల్లలకి జన్యు లోపాలు రావచ్చు, కాబట్టి ఈ మూఢాచారాన్ని వదిలేయాలి, అయిపోయింది. మొదటి మాటతో నాకు పేచీ లేదు, డాక్టర్లు చెప్పేది వినాల్సిందే. నా గొడవంతా ఆ "మూఢాచారం" అనే మాట దగ్గర. కాలేజీలో ఆంత్రోపాలజీ, అంటే మానవశాస్త్రం, చెప్పి రిటైరైనదాన్ని, కాస్త చాదస్తం ఉంటుంది, భరించండి.

ఒక అబ్బాయికి సొంత పెదనాన్న కూతురు ఒకామె, సొంత మేనమామ కూతురు ఒకామె ఉన్నారనుకోండి. జన్యువుల లెక్కలో ఇద్దరూ అతనికి ఒకటే దూరం, ఇద్దరితోనూ సగటున ఎనిమిదో వంతు ఉమ్మడిగా ఉంటుంది. కానీ ఒకామె అక్క, ఇంకొకామె మరదలు. మొదటామెని పెళ్లాడతానంటే ఊరు మొహం మీద ఉమ్మేస్తుంది, రెండో ఆమెని చేసుకోనంటే మేనమామ అలిగి రాకపోకలు మానేస్తాడు. మనవాళ్లు నెత్తురు చూసి పెట్టుకున్న కట్టుబాటే అయితే ఇంత తేడా ఎందుకొస్తుంది? అదే ఊళ్లో ముస్లిం కుటుంబంలో బాబాయి కూతుర్ని చేసుకోవడానికి అడ్డు లేదు. ఉత్తరాదిలో చాలా కులాల్లో అయితే మేనమామ కూతురు కూడా చెల్లెలే, ఆమెతో పెళ్లి అన్న మాటే వాళ్లకి రోత. ఎవరి వరస వాళ్లది. ఎవరు ఎవరికి పిల్లనివ్వచ్చు, ఎవరి చావుకి ఎవరికి మైల, ఎవరింటి పెళ్లిలో ఎవరు బట్టలు పెట్టాలి, ఇవన్నీ తేల్చే ఏర్పాటు అది. నెత్తురు కొలిచే పని దానిది కాదు.

ఈ సంగతి పట్టుకుని ప్రపంచమంతా ఆరా తీసినవాడు న్యూయార్క్ రాష్ట్రంలో ఒక లాయరు, లూయిస్ హెన్రీ మోర్గాన్. సెనెకా అనే అమెరికన్ ఆదివాసీల్లో తండ్రి అన్నదమ్ముల్నీ తండ్రి అనే పిలుస్తారని, తల్లి అక్కచెల్లెళ్లనీ తల్లి అనే అంటారని గమనించి, ప్రపంచమంతా మిషనరీలకి ప్రశ్నల పట్టికలు పంపించాడు. దక్షిణ భారతం నుంచి తమిళ, తెలుగు పట్టికలు వచ్చాక చూస్తే అచ్చం అదే పద్ధతి. పెదనాన్న, చిన్నాన్న ఇద్దరూ నాన్నలే, పెద్దమ్మ, చిన్నమ్మ ఇద్దరూ అమ్మలే, వాళ్ల పిల్లలంతా తోబుట్టువులే. మనకి ఇందులో వింతేం లేదు, మోర్గాన్‌కి మాత్రం మతిపోయింది. అమెరికా ఆదివాసులు ఆసియా నుంచి వలసొచ్చారనడానికి ఇదే రుజువు అనేశాడు. వలస మాట ఎలా ఉన్నా, పిలుపులే దానికి రుజువన్న వాదన నిలబడలేదు కానీ, 1871లో అచ్చయిన ఆ పెద్ద పుస్తకంతోనే బంధుత్వం చదవడం ఒక శాస్త్రమైంది. అంటే మన పెళ్లిపందిట్లో "నువ్వు నాకు ఏమవుతావు" అని అడిగే ముసలమ్మ జ్ఞానమే ఒక యూనివర్సిటీ సబ్జెక్టుకి పునాది. మన పిల్లల పాఠాల్లో దీని ఊసే ఉండదు, సరే, అది వేరే ఉత్తరం.

తర్వాత 1953లో లూయీ ద్యూమో అనే ఫ్రెంచాయన ఇంకో అడుగు ముందుకేశాడు. దక్షిణాది బంధుత్వ పదాల్ని రక్తం లెక్కగా చదివితే అర్థం కావు, పెళ్లి లెక్కగా చదవాలి అన్నాడు. మన పదాలే చూడండి. అమ్మ తమ్ముడు మామ, మేనత్త మొగుడు మామ, పెళ్లాం తండ్రి మామ. ముగ్గురికీ ఒకే పదం ఎందుకు సరిపోయిందంటే, మేనరికం నడిచే చోట ఆ ముగ్గురూ ఒకే మనిషి కావచ్చు కాబట్టి. లోకమంతా రెండు పక్షాలు: మనవాళ్లు, వియ్యమందుకోదగ్గవాళ్లు. ఒక తరంలో కుదిరిన వియ్యం తర్వాతి తరానికి ఆస్తిలా వస్తుంది. "ఆస్తి బయటికి పోకుండా చేసుకుంటారు" అని అందరూ తేలిగ్గా అనేస్తారు గానీ, సెంటు భూమి లేని ఇళ్లలో కూడా మేనరికాలు జరిగాయి కదా, వాళ్లేం కాపాడుకున్నట్టు? ఆపదలో కబురు పెడితే వచ్చే మనుషుల్ని. ఈ ఏర్పాటు కొత్తదేమీ కాదు. దక్షిణాదివాళ్లు మేనమామ కూతుర్నీ మేనత్త కూతుర్నీ చేసుకుంటారని బౌధాయన ధర్మసూత్రం అనే ప్రాచీన ధర్మశాస్త్ర గ్రంథంలోనే ఉంది. అది ఆ ప్రాంతంలో చెల్లుతుంది, వేరే చోట చేస్తేనే తప్పు అని కూడా ఉంది. ఇవాళ్టి ఎడిటోరియల్స్ కంటే ఆ బౌధాయనుడే నయం.

తండ్రి ఎవరన్నది కూడా అన్నిచోట్లా నెత్తురుతో తేలదు. నీలగిరుల్లో తోడా అనే గిరిజనుల్లో ఒకామెకి అన్నదమ్ములు పలువురు భర్తలుగా ఉండేవాళ్లు. కడుపుతో ఉండగా ఎవరు ఆమెకి విల్లు ఇచ్చే తంతు జరిపిస్తే అతనే తండ్రి, ఇంకొకరు మళ్లీ విల్లు ఇచ్చేదాకా తర్వాత పుట్టే పిల్లలకీ అతనే. 1906లో రివర్స్ అనే ఇంగ్లీషు ఆంత్రోపాలజిస్టు ఇదంతా పుస్తకంగా వేశాడు. మన ఆదిలాబాద్ రాజగోండుల్లో నాలుగు దేవుళ్లవాళ్లు, ఐదు దేవుళ్లవాళ్లు, ఆరు, ఏడు అని విభాగాలున్నాయి, ఒకే విభాగంలో పెళ్లి కుదరదు. ఇద్దరి మధ్యా ఎన్ని తరాల్లోనూ రక్తసంబంధం కనపడకపోయినా సరే, కుదరదు.

ఇదంతా పుస్తకాల గోల, మీ పాఠకులకి ఏం ఉపయోగం అంటారా? ఉంది. వంశవృక్షాలు రాసుకుని బంధుత్వం చదివే పద్ధతి మా సబ్జెక్టుకి ఇచ్చింది ఆ రివర్స్ గారే. ఇప్పుడు మేం వాటిని చార్టుగా గీస్తాం, మగవాళ్లకి త్రిభుజం, ఆడవాళ్లకి సున్నా. ఉత్తరాంధ్రలో ఒక ఊళ్లో నా స్టూడెంట్స్ చేత ఆ చార్టులు గీయిస్తున్నప్పుడు ఒకామె, ముప్పై ఏళ్లుంటాయేమో, "మా ఆయన మా మేనమామ కొడుకేనండి" అంది. అమ్మాయిలు టక్కున మేనరికం అని రాసేసుకున్నారు. నేను ఊరుకోలేక, "మీ అమ్మగారూ మీ మామగారూ ఒక తల్లి కడుపున పుట్టినవాళ్లేనా అమ్మా?" అన్నాను. "అబ్బే, కాదండీ. మా అమ్మమ్మా, ఈయన నాయనమ్మా సొంత అక్కచెల్లెళ్లు." మరి మేనమామ అన్నావేం అంటే నాకేదో బొత్తిగా తెలీదన్నట్టు చూసి, "అక్కచెల్లెళ్ల బిడ్డలు అన్నాచెల్లెళ్లు కారా ఏంటండీ, మా అమ్మకి అన్న నాకు మేనమామే కదా" అంది. వరస ప్రకారం ఆవిడ మాటలో ఒక్క తప్పు లేదు. పక్కింట్లో అతను కూడా మేనరికమే అన్నాడు. తీరా అడిగితే అది కుండమార్పిడి. వాళ్ల నాన్న చెల్లెల్ని మేనమామకిచ్చారు, ఆ మేనమామ చెల్లెల్ని వాళ్ల నాన్న చేసుకున్నాడు, ఇప్పుడు ఆ మేనమామ కూతుర్ని ఇతను చేసుకున్నాడు. అంటే ఆ అమ్మాయి ఇతనికి మేనమామ కూతురూ, మేనత్త కూతురూ, రెండూ.

ఇప్పుడు ఆస్పత్రిలో ఫారం నింపేటప్పుడు ఈ రెండు జంటలకీ పడేది ఒకటే టిక్కు. జన్యుశాస్త్రం లెక్క వేయండి. తల్లివైపు నుంచీ తండ్రివైపు నుంచీ ఒకే పూర్వీకుడి జన్యువు రెండు కాపీలుగా బిడ్డకి చేరే అవకాశం మామూలు మేనరికంలో పదహారింట ఒకటి. మొదటి జంటకి అది అరవై నాలుగింట ఒకటి, రెండో జంటకి ఎనిమిదింట ఒకటి, అంటే అక్క కూతుర్ని చేసుకున్నదానితో సమానం. రెండు జంటల మధ్య తేడా ఎనిమిది రెట్లు, ఫారంలో మాత్రం ఇద్దరూ మేనరికమే. మొదటి ఆమె అనవసరంగా తొమ్మిది నెలలూ టెన్షన్ పడుతుంది, రెండో జంటకి చెప్పాల్సింది ఎవరూ చెప్పరు. బయటి సంబంధాల్లో పుట్టే పిల్లల్లో పెద్ద లోపాలు వందకి రెండు మూడు ఉంటే సొంత మేనరికంలో అది దాదాపు రెట్టింపవుతుందని డాక్టర్లు మామూలుగా చెప్పే లెక్క. అది భయపడాల్సినంత పెద్దదా, పట్టించుకోనక్కర్లేనంత చిన్నదా అన్నది ఆ ఇంట్లో ఇదివరకు ఏం జబ్బులున్నాయో చూసి తేల్చాలి. అందరినీ ఒకే గాటన కట్టి బెదిరిస్తే జనం వినరు. "మా తాత చేసుకున్నాడు, ఏమైంది?" అంటారు, ఆ మాటకి మీ వ్యాసాల్లో జవాబు లేదు.

2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో రక్తసంబంధపు పెళ్లిళ్లు దేశం మొత్తం మీద 11 శాతం ఉంటే ఆంధ్రప్రదేశ్‌లో దాదాపు 26 శాతం. నలుగురిలో ఒకరు, అంటే ఇది పక్కవాళ్లింటి కథ కాదు.

చట్టం కూడా చిత్రంగానే ఉంది. 1955 హిందూ వివాహ చట్టంలో నిషిద్ధ సంబంధాల జాబితాలో అన్నదమ్ముల పిల్లలు, అక్కచెల్లెళ్ల పిల్లలు, అన్నాచెల్లెళ్ల పిల్లలు, మేనమామ-మేనకోడలు అంతా ఒకే వరుసలో ఉంటారు. వాళ్ల ఆచారం ఒప్పుకుంటే తప్ప చెల్లదు అని పక్కనే ఒక మినహాయింపు. మన బావామరదళ్ల పెళ్లిళ్లన్నీ ఆ ఒక్క మినహాయింపు మీదే నిలబడి ఉన్నాయి, పుస్తెలు కట్టేటప్పుడు ఆ సంగతి ఎవరికీ తెలీదు, తెలియాల్సిన అవసరమూ పడలేదు.

మేనరికాన్ని నేను వెనకేసుకొస్తున్నాననుకోకండి. ఉత్తరాది కోడలు ముక్కూమొహం తెలియని ఇంటికి, ముసుగేసుకుని వెళ్తుంది, దక్షిణాది కోడలు చిన్నప్పట్నుంచీ తెలిసినవాళ్ల మధ్యకే వెళ్తుంది అని ఆంత్రోపాలజిస్టు ఇరావతి కర్వే 1953లోనే రాసింది, నిజమే. అత్తగారు సొంత మేనత్తే అయితే నాలుగు మాటలు ఎదురు చెప్పే చనువుంటుంది. కానీ ఆ మేనత్త మీదే పుట్టింటికి ఫిర్యాదు చేయాల్సొస్తే ఎవరికి చెప్పుకోవాలి, నాన్నకి ఆవిడ చెల్లెలు కదా. ఉయ్యాల్లో ఉండగానే "ఇది మా తమ్ముడి పెళ్లాం" అని రాసిచ్చేసిన అమ్మాయిల్ని నా క్లాసులో చూశాను, పదిహేనేళ్ల తేడా, డిగ్రీ మధ్యలో ఆపేయడం, కాదంటే అమ్మకి పుట్టిల్లు పోతుందన్న బెదిరింపు. మేనరికం మీద రాయాలంటే ఈ కాదనలేనితనం మీద రాయండి. నా దృష్టిలో జన్యువుల కంటే ఇదే పెద్ద సమస్య, దీనికి లాబ్ టెస్టు లేదు.

ఇక మీ క్రైం పేజీ. ఒకే ఇంటిపేరున్న ఇద్దరు పెళ్లి చేసుకుని పోలీస్ స్టేషన్‌కి వస్తే "వావివరసలు మరిచి..." అని హెడ్డింగ్ పెడతారు. వాళ్లిద్దరివీ వేరే జిల్లాలు, పది తరాలు వెనక్కి వెళ్లినా చుట్టరికం తగలదు. ఒకే గోత్రంలో పెళ్లికి ఉన్న చట్టపరమైన అడ్డు 1946లోనే తీసేశారు, ఇంటిపేరుకైతే చట్టంలో స్థానమే లేదు. పైన చెప్పిన నెత్తురు లెక్కల వ్యాసం ఏడో పేజీలో వేసి, నెత్తురు సంబంధం లేని జంటని రెండో పేజీలో తిడతారు, మీ సబ్ ఎడిటర్లు ఒకరి పేజీ ఒకరు చదవరా? ఆ హెడ్డింగ్ పట్టుకుని ఇంట్లో వాళ్లు ఏం చేస్తారో ఊహించక్కర్లేదు. హర్యానాలోని కైథల్ జిల్లాలో ప్రేమించి పెళ్లి చేసుకున్న మనోజ్, బబ్లీ జంటని 2007లో చంపింది ఒకే గోత్రమనే.

మీరు ఎంత మొత్తుకున్నా, మొత్తుకోకపోయినా మేనరికం ఎలాగూ పోతోంది, దాన్ని తీసేస్తున్నది ఆరోగ్య ప్రచారం కాదు, కూడికలూ తీసివేతలూ. పైన చెప్పిన కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారమే ఆంధ్రప్రదేశ్‌లో ఒక్కో స్త్రీకి సగటున 1.7 మంది పిల్లలు. ఒక్కడే కొడుకు, ఒక్కతే కూతురు పెళ్లి చేసుకుంటే వాళ్ల బిడ్డకి మేనమామ లేడు, మేనత్త లేదు, బాబాయి లేడు, పిన్ని లేదు. బావా మరదళ్లు ఎక్కడి నుంచి వస్తారు? రెండుకి మించి పిల్లలుంటే స్థానిక ఎన్నికల్లో పోటీ చేయకూడదన్న నిబంధనని రాష్ట్రం 2024లో ఎత్తేసింది, దానికోసం మూడో బిడ్డని కనేవాళ్లు ఎవరున్నారో నాకైతే తెలీదు. పెళ్లిలో బుట్ట పట్టుకోవడానికి మేనమామ దొరక్క, నాన్న పెదనాన్న మనవణ్ణి ఇంకో వైపు నుంచి లెక్కగట్టి మామని చేసి నిలబెట్టడం ఈ మధ్యే చూశాను. ఆ లెక్క గట్టింది కూడా ఎనభై దాటిన పెద్దావిడే, మిగతావాళ్లం ఫోన్లు చూసుకుంటూ నిలబడ్డాం.

ఒక పని చేయగలరా? మీ ఆరోగ్యం పేజీలో "మేము మేనరికం చేసుకోవచ్చా డాక్టర్ గారూ" అని ఉత్తరాలొస్తాయి కదా, వరస చెప్పమనకుండా ఇద్దరి అమ్మమ్మ, తాతయ్య, నాయనమ్మల దాకా ఎవరు ఎవరి బిడ్డో చిన్న చార్టు గీసి పంపమని అడగండి. చార్టు ఎలా గీయాలో నేనే అరపేజీలో రాసిస్తాను, ఊరికే. డాక్టరుగారు దాన్ని చూసి జవాబిస్తే చాలు. అలాగే ఆ "వావివరసలు మరిచి" హెడ్డింగ్ మీ కంప్యూటర్లో ఎక్కడో సేవ్ చేసి పెట్టుకున్నట్టున్నారు, దాన్ని డిలీట్ చేయించండి.

ఇట్లు,
ఆంత్రోపాలజీ చెప్పి రిటైరైన ఒక పాఠకురాలు