‘పరిశీలించడమైనది’

సంపాదకులకు నమస్కారం.

బదిలీల కోసం ఉపాధ్యాయులు చీటికీమాటికీ కోర్టుకెక్కుతున్నారని గత వారం మీ పత్రికలో ఒక పాఠకుడు రాశారు. అలా ఎక్కినవాళ్లలో నేనొకదాన్ని. అక్కడ ఏం దొరుకుతుందో ఆయనకు తెలిసినట్టు లేదు.

నేను తెలంగాణలో ఎస్జీటీని, అంటే ప్రాథమిక తరగతులకు చెప్పే సెకండరీ గ్రేడ్ టీచర్ని. మా వారూ ఎస్జీటీయే. 2021 డిసెంబరులో 317 జీవో (ప్రభుత్వ ఉత్తర్వు) వచ్చి, ఉమ్మడి జిల్లా ఉద్యోగులను కొత్త జిల్లాలకు పంచినప్పుడు సీనియారిటీ చూశారు, స్థానికత చూడలేదు. ఆయన సీనియర్ కాబట్టి ఇంటి దగ్గరే మిగిలారు. నేను గోదావరి ఒడ్డునున్న మండలానికి వెళ్లాను. తర్వాత భార్యాభర్తల బదిలీలకు 19 జిల్లాల్లో వీలిచ్చి 13 జిల్లాలను ఆపేశారు. మాది ఆ పదమూడింట్లో ఒకటి. బాబు అప్పుడు రెండో తరగతి. వాడు నాన్న దగ్గర, నేను అద్దె గదిలో. శనివారం సాయంత్రం ఇంటికి బస్సు, సోమవారం తెల్లవారుజామున నాలుగున్నరకు బడికి బస్సు.

మూడు వినతిపత్రాలు ఇచ్చాను. ఒక్కదానికీ జవాబు లేదు. అప్పుడు హైకోర్టులో రిట్ వేశాను. ఆరు వారాల్లో నా వినతిని పరిశీలించి నిబంధనల మేరకు ఉత్తర్వులివ్వాలని ఆదేశం వచ్చింది. గెలిచామనుకుని మా అత్తగారు పరమాన్నం వండారు. ఆరు వారాలు కాస్తా పదిహేనయ్యాక కార్యాలయం నుంచి వచ్చిన కాగితంలో రెండే వాక్యాలు: ‘మీ అభ్యర్థనను పరిశీలించడమైనది. ప్రస్తుతం సాధ్యపడదు.’ పరిశీలించారు కనుక కోర్టు మాట చెల్లింది. సాధ్యపడదు కనుక నేను ఉన్నచోటే ఉన్నాను. ఎందుకు సాధ్యపడదో ఒక్క ముక్క లేదు. లెక్క చేసిన విధానం చూపకుండా జవాబు మాత్రం వేస్తే మేము మూడో తరగతి పిల్లలకైనా మార్కులు కోస్తాం.

న్యాయమూర్తులను నేను తప్పుపట్టను. బిహార్‌లో భర్తలున్న చోటికి బదిలీ కోరుకున్న ప్రాథమిక పాఠశాల ఉపాధ్యాయినులకు ప్రభుత్వం ఆ బదిలీలు ఇస్తే, పట్నా హైకోర్టు రద్దు చేసింది. 1991లో సుప్రీంకోర్టు వాటిని నిలబెట్టింది. శిల్పీ బోస్ కేసుగా లాయర్లందరికీ తెలిసిన తీర్పు అది. ఆ ఆడవాళ్ల అవసరం న్యాయమైనదని కాదు, బదిలీ ప్రభుత్వం చేతిలోని పని అని. 2021లో ఉత్తరప్రదేశ్‌లోని అమ్రోహా నుంచి గౌతమబుద్ధ నగర్‌కు బదిలీ అడిగిన ఒక అధ్యాపకురాలికి సుప్రీంకోర్టు కాదన్నది కూడా అదే మాట మీద. ఉద్యోగి ఫలానా చోటే కావాలని పట్టుబట్టకూడదు, అవసరాన్ని బట్టి ప్రభుత్వమే నిర్ణయిస్తుంది అన్నారు. ఒకే తర్కం ఒకరికి బదిలీ నిలబెట్టింది, మరొకరికి తలుపు మూసింది. నిబంధన తప్పారా, కక్ష కట్టారా అన్నంత వరకే కోర్టు చూస్తుంది. మిగతాదంతా ఫైలు పట్టుకున్నవారి దయ.

మా బడిలో నాతోపాటు పనిచేసిన ఒంటరి టీచరు 2023లో స్పౌజ్ పాయింట్లను, అంటే బదిలీల్లో ఉద్యోగ దంపతులకు కలిపే అదనపు పాయింట్లను, వ్యతిరేకించినవారి వైపు. ‘నాకు భర్త లేకపోవడం నా తప్పా మేడం?’ అనేది. మధ్యాహ్నం ఇద్దరం ఒకే బల్ల మీద డబ్బాలు విప్పుకునేవాళ్లం. ఆమెకు నేను సరైన జవాబు ఇవ్వలేకపోయాను. ఇప్పటికీ నా దగ్గర లేదు. కానీ ఆమె వినతికి వచ్చిన కాగితంలోనూ అవే రెండు వాక్యాలు.

చివరికి నా బదిలీ జరిగింది, కోర్టు వల్ల కాదు, ప్రభుత్వం గేటు తెరిచినప్పుడు అందరితోపాటు. బాబుకు ఇప్పుడు నేను లెక్కలు చెబుతుంటే నాన్నే బాగా చెబుతాడంటాడు. కాబట్టి నేను అడిగేది నాకోసం కాదు. బదిలీ వినతిని తిరస్కరిస్తే ఏ నిబంధన ప్రకారమో, కోరిన చోట ఎన్ని ఖాళీలున్నాయో, అవి ఎవరికి ఎందుకు ఇచ్చారో ఆ కాగితం మీదే రాయాలి. ‘పరిశీలించండి’ అని కోర్టు ఆదేశించేటప్పుడు ఈ మూడూ అడగాలి.

నా స్థానంలో 2024 డీఎస్సీ నియామకాల్లో ఎంపికైన కొత్త టీచరు చేరింది. మొన్న ఫోను చేసి, ‘మేడం, మీ లాయరు గారి నంబరు ఇస్తారా?’ అని అడిగింది. ఇచ్చాను. నాకు వచ్చిన ఆ కాగితం ఫొటో కూడా పంపాను.

ఇట్లు,
ఒక ఎస్జీటీ
(పేరు ప్రచురించవద్దని మనవి)