ఒక్క ఓటమితో ముగిసే సీజన్
మన డిగ్రీ కాలేజీల బాస్కెట్‌బాల్ కుర్రాళ్లకు సీజన్ అన్నదే ఉండటం లేదు. అంతర్ కళాశాలల పోటీలు చాలాచోట్ల నాకౌట్ పద్ధతిలోనే పెడుతున్నారు. ఏడాదంతా తెల్లవారుజామునే లేచి ప్రాక్టీస్ చేసిన మా ఊరి జట్టు ఈసారి ఆడింది 40 నిమిషాలే, రెండు పాయింట్ల తేడాతో ఇంటికొచ్చేసింది. సిమెంట్ కోర్టు మీద పడి మోచేయి గీరుకుపోయిన ఫైనలియర్ కుర్రాడు బూట్లు కూడా విప్పకుండా బోర్డు కిందే కూర్చుండిపోయాడు. వాడికి ఇంకో ఏడాది లేదు. అమెరికాలో కాలేజీ క్రీడలను నడిపే ఎన్‌సీఏఏ సంస్థ మొదటి డివిజన్ జట్లు ఒక్క సీజన్‌లోనే 30 దాకా మ్యాచ్‌లు ఆడతాయి. మనకు అన్ని అక్కర్లేదు. దగ్గర్లోని కాలేజీలను నాలుగేసి చొప్పున గ్రూపులు చేసి, శనివారం సాయంత్రాలు ఒకరి కోర్టులో ఒకరు ఆడేలా లీగ్ పెడితే ప్రతి జట్టుకూ ఆరు మ్యాచ్‌లు దక్కుతాయి. బస్సు ఛార్జీలకు మించి ఖర్చూ ఉండదు. యూనివర్సిటీ జట్టును కూడా ఆ లీగ్‌లో ఆట చూసే ఎంపిక చేయాలి.
– ఒక మాజీ కాలేజీ ఆటగాడు