ముసుగేసిన రోజు ఉన్న కెమెరాలు

సంపాదకులకు నమస్కారం.

శిక్ష పడిన హత్య కేసుల మీద టీవీ డాక్యుమెంటరీలు తీసి ప్రచారం చేయడం కోర్టు ధిక్కారమేనని మొన్న ఒక పాఠకుడు మీ పత్రికలో రాశారు. కోర్టులో తీర్పుల నకళ్లు ఇచ్చే కాపీయింగ్ సెక్షన్‌లో ముప్పై ఏళ్లు పనిచేసిన నాకు ఆ మాట మింగుడుపడలేదు. 1971 కోర్టు ధిక్కార చట్టం ఐదో సెక్షన్ ప్రకారం, విచారణ ముగిసి తుది తీర్పు వచ్చిన కేసుపై సహేతుకమైన విమర్శ ధిక్కారం కాదు. అప్పీలు తేలేదాకా మాత్రం కేసు పెండింగులో ఉన్నట్టే. మన చానళ్లు గొంతు చించుకునేది సరిగ్గా నోరు అదుపులో పెట్టుకోవలసిన ఆ రోజుల్లోనే! కుర్రాడికి ముసుగేసి నిలబెట్టగానే ‘నేరం ఒప్పుకున్నాడు’ అని తెర కింద ఎర్రక్షరాలు పరుగెత్తుతాయి. పోలీసుల ముందు ఒప్పుకోలు కోర్టులో సాక్ష్యంగా చెల్లదన్న ముక్క మాత్రం ఎక్కడా కనిపించదు.

బ్రిటన్‌లో ఏం జరిగిందో చూడండి. 1974లో బర్మింగ్‌హామ్ పబ్బుల్లో బాంబులు పేలి 21 మంది చనిపోయారు. మరుసటి ఏడాది ఆరుగురికి యావజ్జీవం పడింది. వాళ్లలో కొందరి చేతులకు పేలుడు పదార్థం అంటినట్టు పరీక్షలో తేలిందన్నారు. 1985లో ‘వరల్డ్ ఇన్ యాక్షన్’ అనే టీవీ కార్యక్రమం వారు అదే పరీక్షను మళ్లీ చేయించి చూపించారు. పేకముక్కలు పట్టుకున్నా అదే ఫలితం వస్తుందట! ఆ మనుషులేమో రైల్లో పేకాడుతూ వెళ్లినవాళ్లు. అయినా 1988లో అప్పీలు కోర్టు వాళ్ల మొర వినలేదు. 1991 మార్చి 14న గాని బయటికి రాలేదు. అలాంటి కేసులను తిరిగి పరిశీలించడానికి అక్కడ 1997 నుంచి ప్రత్యేక కమిషనే పనిచేస్తోంది.

అంత దూరం ఎందుకు? 2007లో విజయవాడ దగ్గర హాస్టల్లో విద్యార్థిని హత్య జరిగింది. అరెస్టు చేసింది అసలు దోషిని కాదని చనిపోయిన అమ్మాయి తల్లే మొత్తుకుంది. 2010లో శిక్ష పడిన ఆ యువకుణ్ణి 2017లో హైకోర్టు నిర్దోషిగా వదిలి, లక్ష రూపాయలు పరిహారం ఇమ్మంది. జైల్లో పోయిన ఎనిమిదేళ్లకు అది!

ఒకసారి దేవరకొండ వైపు నుంచి ఒక ముసలమ్మ తన కొడుకు కేసు తీర్పు నకలు కోసం వచ్చింది. తొంభై పేజీలు, అంతా ఇంగ్లిషు. “ఇందులో మావాడు చెప్పిందేదైనా ఉందా నాయనా?” అని అడిగింది. వెతికాను. నిందితుణ్ణి ప్రశ్నించిన చోట ప్రతిదానికీ ‘అబద్ధం’ అని ఒకే జవాబు. అంతకుమించి అతని మాట ఎక్కడా లేదు. అతను నిర్దోషి అని నేను అనను, నాకు తెలియదు. డాక్యుమెంటరీ తీసేవాళ్లు కూడా ముందే తేల్చేసుకోకుండా, ఆ తొంభై పేజీలూ, సాక్షుల వాంగ్మూలాలూ, పంచనామాలూ చదివాకే కెమెరా ఎత్తాలి. చనిపోయినవారి ఇంటివాళ్లనూ అడగాలి.

ఇంతా చేసి కొత్త ఆధారం దొరికినా ఎక్కడికి తీసుకెళ్లాలి? తీర్పును మళ్లీ చూడమని సుప్రీంకోర్టులో వేసే రివ్యూ పిటిషన్, ఆ తర్వాత చివరిగా వేసే క్యూరేటివ్ పిటిషన్ కూడా అయిపోయాక మిగిలేది గవర్నరు, రాష్ట్రపతి దగ్గర క్షమాభిక్షే. చేయని నేరానికి క్షమించమని అడుక్కోవాలా? బ్రిటన్‌లో ఉన్నటువంటి కమిషన్ మనకూ కావాలని మీ పత్రికైనా ఒక సంపాదకీయం రాయండి.

– విశ్రాంత కోర్టు ఉద్యోగి, రామగిరి, నల్లగొండ